మధ్యాహ్నం బెల్లు కొట్టాక

ముక్తేశ్వరంలో ఆవిడ పెద్దకార్యం నాడు భోజనాల దగ్గర ఆవిడ తమ్ముడు నా పక్కకొచ్చి నెమ్మదిగా అడిగాడు.

"మీరు మా అక్కకి ఏమవుతారండీ?"

నాది బండారులంక. చుట్టరికం లేదు. ఇరుగుపొరుగు కాదు. ఉన్నమాటే చెప్పాను.

"ఒకే బళ్ళో ఉండేవాళ్ళమండి."

అతను నన్ను చూశాడు, నా పక్కన కూర్చున్న సూర్రావు గారిని చూశాడు. సూర్రావు గారు కొబ్బరి దింపు మేస్త్రీ. ఆయన మీసం చూసి తోటల్లో కుక్కలు కూడా అరవవు.

"అక్క హైస్కూలుకి వెళ్ళలేదు కదండీ."

"ఆయ్, వెళ్ళలేదండి," అన్నారు సూర్రావు గారు ఆకు మీద పులిహోర సర్దుకుంటూ. "మేం ముగ్గురం తొమ్మిదో క్లాసండి. బడి నడిపింది ఆవిడ."

 తమ్ముడు పప్పు బకెట్టు తీసుకుని అవతలి వరసలోకి వెళ్ళిపోయాడు. మమ్మల్ని చూసి ఏమనుకున్నాడో గాని, ఆ ప్రశ్న మాత్రం నాతోపాటు ఇంటికొచ్చింది. నేను చేసే పనిలో ఒక్క గడి ఖాళీగా మిగిలినా ఒప్పుకోరు. చీర అంచుకి నెమలి కావాలంటే, గళ్ళ కాగితం మీద ఏ గడి నిండాలో, ఏది నిండకూడదో లెక్క కట్టి ఇస్తాను. దాని ప్రకారం అట్టలకి చిల్లులు కొడతారు, ఆ అట్టల ప్రకారం మగ్గం మీద నెమలి దిగుతుంది. గడి తప్పితే నెమలికి ముక్కు రెండుగా చీలుతుంది. ఈ లెక్క నాకెవరూ నేర్పలేదు. పదో తరగతి తర్వాత చీరలు విప్పి చూసి, దారాలు లెక్కపెట్టి నేర్చుకున్నాను. అందుకని తెలియనిది కనబడితే విప్పి చూడడం అలవాటు. ఆవిణ్ణి కూడా అలాగే చూశాననుకుంటాను.

మొదట చూసింది లక్ష్మీకాంతం గారి కొట్లో. కాంతం గారు ముక్తేశ్వరం సెంటర్లో ఆడవాళ్ళ టైలరు. మా చీరలకి ఫాల్సు కుట్టేది ఆవిడే. ఒక ఆదివారం మధ్యాహ్నం చీరల మూట పట్టుకుని వెళ్తే షట్టరు సగం దించి ఉంది. వంగి చూశాను. బట్ట కత్తిరించే పెద్ద బల్ల చుట్టూ ముగ్గురున్నారు. బల్ల మీద బట్ట లేదు, కత్తెర లేదు, ఐదు గవ్వలున్నాయి. సూర్రావు గారు చేతులు కట్టుకుని కూర్చున్నారు. ఆయనకి ఎదురుగా సన్నగా, నల్లగా, జుట్టు బిగించి ముడేసుకున్న ఒకావిడ. ఆవిడ చెబుతున్నారు:

"బెల్లు కొట్టేరు. అందరూ పంపు దగ్గరికి పరిగెడతన్నారు. సూర్రావూ, నువ్వేం చేస్తావు?"

అంత మనిషిని ఆవిడ నువ్వు అంటుంటే నేను చీరల మూట కింద పెట్టేశాను.

"నేను అందరికంటే ముందెళ్ళి నిలబడతానండి."

"అండీ అన్నావు. ఒక గింజ తీసెయ్."

సూర్రావు గారు మారు మాట్లాడకుండా తన ముందున్న చింతగింజల్లో ఒకటి తీసి పక్కన పెట్టేశారు. అప్పుడు ఆవిడ నా వైపు తిరిగారు.

"మీరు ఏ క్లాసండి?"

"నేను ఫాల్సు కుట్టించడానికి వచ్చేనండి."

"అయితే కొత్తగా చేరేవాడన్నమాట. టీసీ తెచ్చేవా?"

కాంతం గారు పమిట నోటికి అడ్డం పెట్టుకున్నారు. నాకు అప్పటికే నలభై ఆరేళ్ళు. టీసీ తేలేదని చెప్పాను. రేపు తెచ్చుకోమని చెప్పి, ఆవిడ నాకొక స్టూలు చూపించారు. ఎందుకు కూర్చున్నానో ఇప్పటికీ సరిగ్గా చెప్పలేను. ఆ పంపు దగ్గర ఏం జరిగిందో తెలుసుకోవాలనిపించింది, అంతే.

అది ఒక ఆట. ఆవిడ చాలాకాలం కువైట్‌లో ఒక ఇంట్లో పనిచేశారు. ఆ ఇంటి పిల్లలు, వాళ్ళ మేనత్త పిల్లలు శుక్రవారాలు భోజనాల బల్ల చుట్టూ చేరి ఈ ఆట ఆడేవారట. ఒకరు బడిని నడుపుతారు. మిగతావాళ్ళు ఆ బళ్ళో పిల్లలు. బడి నడిపే మనిషి, ఇదిగో ఇలా జరిగింది, నువ్వేం చేస్తావు అని అడుగుతారు. చెయ్యాలనుకున్నది కష్టమైన పనయితే పాచికలు వెయ్యాలి. పడ్డదాన్ని బట్టి కథ అటో ఇటో పోతుంది. గెలుపు, ఓటమి ఉండవు. పరీక్షలు, పోట్లాటలు, కూడబలుక్కోవడాలు ఉంటాయి. వాళ్ళకి బొమ్మల పుస్తకమూ, రకరకాల మూలలున్న పాచికలూ ఉండేవి. ఆవిడ టీ పట్టుకెళ్ళి పక్కన నిలబడి, ఆటని మాత్రం తెచ్చేసుకున్నారు. ఒకరోజు ఒక పిల్ల రాకపోతే ఆవిణ్ణి కూడా కూర్చోబెట్టారట.

"ఏ క్లాసులో పెట్టేరండి మిమ్మల్ని?" అని అడిగాను నేను.

"కేంటీన్లో పెట్టేరండి," అన్నారు. "వంటావిణ్ణి చేసేరు. బాగానే చేసేననుకోండి. అందరూ మెచ్చుకున్నారు."

ఇక్కడికొచ్చాక ఆ పాచికల బదులు గవ్వలు. వెల్లకిలా పడితే ఒకటి, బోర్లా పడితే సున్నా. ఒక్కొక్కరికీ పది చింతగింజలు. వాటిని ధైర్యం, నోరు, చదువు, స్నేహం అని నాలుగు కుప్పలు చేసుకోవాలి. ఏదైనా పని చెయ్యబోయే ముందు ఆవిడ ఒక అంకె చెబుతారు. పడ్డ గవ్వలు, ఆ కుప్పలో గింజలు కలిపి ఆ అంకెని అందుకోవాలి. "అంకె ముందే చెప్పాలి, పడ్డాక మార్చకూడదు." ఈ ఒక్కదాంట్లో ఆవిడ ఎవరి మాటా వినేవారు కాదు.

మా అసలు కష్టం గవ్వలతో కాదు, మర్యాదతో వచ్చింది. బళ్ళో రౌడీ పిల్లాడి వేషం సూర్రావు గారికి పడింది. నా కంపాసు బాక్సు లాక్కోవాలి. ఆయన నా వైపు తిరిగి, గొంతు సవరించుకుని, "ఏవండీ, తమ కంపాసు బాక్సు ఒకసారి ఇప్పిస్తారా? మళ్ళీ ఇచ్చేస్తానండి," అన్నారు. నేను, "ఆయ్, తీసుకోండి," అన్నాను. కాంతం గారయితే ఆటలో నాతో తగువు పడాల్సినప్పుడు ముందు మా ఆవిడ కులాసా అడిగి, ఆ తర్వాత తగువు పడేవారు. అందుకని బడి నడిపే ఆవిడ తన పాత రూలుని ఇంకా బిగించారు. ఆట నడుస్తున్నంతసేపు మాస్టారితో తప్ప ఎవరితోనూ అండీ అనకూడదు. అంటే గింజ పోతుంది. నేను చేరిన మొదటి నెలలో సూర్రావు గారి గింజలన్నీ అయిపోయేవి. ధైర్యం, నోరు, చదువు, స్నేహం ఏమీ మిగలని రౌడీగా మూల బెంచీలో కూర్చునేవారు.

"మా ఆవిణ్ణే మీరు అంటానండి నేను. ఈ మనిషిని ఒరే అని ఎలాగనను?" అని వాపోయారొకసారి.

"అనక్కర్లేదు. మీసం తీసేసేనని అనుకో. అదే వస్తది," అన్నారావిడ.

ఆ చిట్కా పనిచేసింది. తర్వాతి ఆదివారం సూర్రావు గారు పై పెదవి మీద అరచెయ్యి అడ్డం పెట్టుకుని, "ఒరే గళ్ళోడా, ఇటియ్యరా బాక్సు," అన్నారు. అనేసి ఆయనే ఒక క్షణం అదిరిపోయారు.

గళ్ళోడు నా పేరయిపోయింది. ఆట అయ్యాక మళ్ళీ గళ్ళ మాస్టారు.

ఆవిడ అలవాట్లు కొన్ని గుర్తున్నాయి. ఆట మొదలుపెట్టే ముందు చీర కొంగుతో బల్ల తుడిచేవారు. శుభ్రంగా ఉన్నా తుడిచేవారు. అప్పుడు అరబ్బీలో, పదండి అన్నట్టు, "యల్లా" అనేవారు. ముగిశాక "ఖలాస్" అని గవ్వలు గుప్పిట్లోకి తీసుకునేవారు. గోల ఎక్కువైతే చెయ్యి చాపి అరచెయ్యి కిందికి తిప్పేవారు. గాలిని నొక్కుతున్నట్టుండేది. అందరం ఊరుకునేవాళ్ళం. ఎవరైనా ఇలా చేస్తే బాగుండదేమో అని సందేహిస్తే, "చూద్దాం ఏమవుద్దో," అనేవారు. ఆ మాట అనేటప్పుడు తల కొంచెం ముందుకు వచ్చేది, తలుపు సందులోంచి చూస్తున్నట్టు.

ఇంకొకటి, ప్రశ్నలు. ఆట లేనప్పుడు కూడా ఎవరు దొరికితే వారిని అడిగేవారు. మీ బళ్ళో డ్రిల్లు మాస్టారు విజిలు ఎక్కడ పెట్టుకునేవారండి? అన్నాలు తిన్నాక గిన్నెలు ఎక్కడ కడిగేవారండి? జాకెట్టు కుట్టించుకోడానికి వచ్చినవాళ్ళని కూడా వదిలేవారు కాదు. రాజోలు నుంచి వచ్చిన ఒకావిడ తన బడి పంపుకి పిడి ఉండేది కాదని, దాంట్లో కర్ర దోపి కొట్టేవారని చెప్పింది. తర్వాతి ఆదివారం మా పంపుకి పిడి ఊడిపోయింది.

నాకు గవ్వల మీద అనుమానం వచ్చింది. ఇంటి దగ్గర ఒక గవ్వని అదేపనిగా వేసి, గుర్తులు పెట్టుకున్నాను. మా ఆవిడ చూసి, "డిజైన్లు మానేసి పచ్చీసులోకి దిగేరేంటి?" అంది. వేసిన కొద్దీ బోర్లా పడేదే ఎక్కువ. పదింట్లో ఆరుకి పైనే. ఆ ఆదివారం ఆవిడకి చెప్పాను, ఇది సగం సగం కాదు, మీరు చెప్పే అంకెలు పిల్లలకి పెద్దవైపోతున్నాయి అని. ఆవిడ ఒక గవ్వ తీసి, తిప్పి, వీపు తడిమి చూశారు.

"ఆయ్. అయితే ఇవేళ్టినుంచి ఒకటి తగ్గించి చెప్తాను. ఇన్నాళ్ళూ సూర్రావు గారు ఊరికే దెబ్బలు తిన్నారు పాపం."

"నేను అప్పుడే అనుకున్నానండి," అన్నారు సూర్రావు గారు. ఆయన అప్పుడేమీ అనుకోలేదు.

మెల్లగా ఆ బడి నాకు మా బడికంటే ఎక్కువ తెలిసిపోయింది. వరండా స్తంభాలకి పెచ్చులూడి ఇటుక ఎక్కడ కనబడుతుందో తెలుసు. హెడ్మాస్టారి గది కిటికీలోంచి గడియారం సగమే కనబడుతుంది. సైకిళ్ళు పెట్టేచోట నూనె మరకలు. మధ్యాహ్నం బెల్లు కొట్టాక వరండాలో ఎవరి కేరేజీలోంచి మాగాయ వాసన వస్తుందో, ఎవరు ఒక్కరే దూరంగా కూర్చుని తింటారో అన్నీ చెప్పేవారు. చినబాబు అని ఒక పిల్లాడు ప్రతిసారీ వచ్చేవాడు. పెద్దింటి పిల్లాడు. వేడన్నం వస్తేగాని తినడు. కారంగా ఉంటే కేరేజీ గిన్నె తోసేస్తాడు. ఆ వేషం మా ముగ్గురిలో ఎవరిదీ కాదు, ఆవిడే వాడి మాటలు చెప్పేవారు.

కాని అన్నాల వేళ ముగిసి రెండో బెల్లు కొట్టేసరికి కథ పరుగెత్తేది. "అందరూ లోపలికెళ్ళేరు. సాయంత్రం అయిపోయింది. మర్నాడు మధ్యాహ్నం..." అనేసేవారు. క్లాసులో ఏదైనా జరగాలంటే ఆవిడ చెప్పేది పలచబడిపోయేది. ఒకసారి నల్లబల్ల గుమ్మానికి ఎడమవైపుంది, ఇంకోసారి ఎదురుగా ఉంది. బెంచీలు ఎన్నో ఎప్పుడూ తేలలేదు. పదే పదే అన్నాల వేళే. ఒక నమూనా తప్పు చోట తెగిపోయి, మళ్ళీ మొదటికి వస్తే మగ్గం దగ్గర నేను లేచి నిలబడతాను. ఇక్కడా అలాగే అనిపించింది.

ఒక ఆదివారం కాంతం గారి గుర్తులు పెట్టే సుద్ద తీసుకుని బల్ల మీద ఆ బడిని గీశాను. గేటు, పంపు, వరండా, కిటికీ, సైకిళ్ళు. ఆవిడ చెప్పినవన్నీ ఎక్కడివక్కడ కుదిరాయి. క్లాసు గది దగ్గరకొచ్చేసరికి నాలుగు గీతలు గీసి ఆగిపోయాను.

"అక్కగారూ, నల్లబల్ల ఏ గోడకండీ?"

 ఆవిడ వంగి ఆ గీతలన్నీ చూశారు. పంపు దగ్గర వేలు పెట్టి, అక్కణ్ణించి వరండా పక్కగా జరుపుకుంటూ వచ్చి, సైకిళ్ళకీ స్తంభానికీ మధ్య ఒకచోట ఆపారు.

"నేను ఇక్కడ నిలబడేదాన్నండి. ఇక్కణ్ణించి నల్లబల్ల కనబడదు."

మాకెవరికీ మొదట అర్థం కాలేదు. ఆవిడే చెప్పారు, గవ్వలు సర్దుకుంటూ, వేరే ఎవరి సంగతో చెబుతున్నట్టు. ఆవిడ నాన్న ఒక రైతు గారింట్లో పాలేరు. ఐదో తరగతి అయ్యాక ఆవిడ కూడా ఆ ఇంట్లోనే పనికి కుదిరారు. ఆ ఇంటి అబ్బాయే చినబాబు, ఆవిడ ఈడువాడే. మధ్యాహ్నం వాడికి వేడన్నం కేరేజీలో పట్టుకెళ్ళాలి. తినేదాకా నిలబడాలి. తిన్నాక గిన్నెలు పట్టుకుని రావాలి.

"రెండో బెల్లు కొడితే ప్యూను గేటేసేస్తాడండి. అప్పటికి నేను బయటుండాలి. లోపల ఏం జరిగేదో నాకు తెలీదు. కువైట్లో పిల్లలు ఆడతంటే, అదిగో ఇప్పుడు తెలుస్తది అనుకునేదాన్ని. తీరా వాళ్ళూ నన్ను అన్నాల దగ్గరే పెట్టేరు."

"మరి ఇన్నాళ్ళూ చెప్పలేదేం వదినగారూ?" అన్నారు కాంతం గారు.

"ఏ గోడకని అడిగింది ఈయనొక్కరే కదండీ."

సూర్రావు గారు సుద్దతో గీసిన ఆ నాలుగు గీతల ఖాళీలోకి చూస్తూ ఉండిపోయారు. మేం ఇన్నాళ్ళూ ఆవిడ నడిపిన బళ్ళో దర్జాగా పిల్లలమై తిరిగాం. ఆ బళ్ళో ఆవిడకి బెంచీ మీద చోటు లేదు.

కొన్నాళ్ళకి ఆవిడకి మళ్ళీ కువైట్ నుంచి కబురొచ్చింది. ఆవిడ పెంచిన పెద్దపిల్లకి బిడ్డ పుట్టాడు. ఆవిడే రావాలని పట్టుబట్టారు. టికెట్టు వచ్చేసింది. మధ్యలో రెండే ఆదివారాలున్నాయి. ఆవిడ కొట్టుకొచ్చి, బల్ల తుడవకుండా కూర్చున్నారు.

"వెళ్ళేలోగా ఒక్కసారి నేను పిల్లనవ్వాలండి. రెండో బెల్లు కొట్టాక లోపలికెళ్ళి కూర్చోవాలి. బడి ఎవరు నడుపుతారో మీరే చూసుకోండి."

కాంతం గారు నాకు నవ్వొచ్చేస్తది అన్నారు. సూర్రావు గారు నాకు మాటలు రావండి అన్నారు. ఇద్దరూ నా వైపు చూశారు.

"నాకు కథ చెప్పడం చేతకాదండి. గళ్ళు నింపడమే వచ్చు," అన్నాను.

"గళ్ళే నింపండి. టైంటేబులంటే గళ్ళే కదా."

ఆ వారమంతా నాకు అదే పని. చెడగొడితే మళ్ళీ అవకాశం లేదు. తొమ్మిదో తరగతిలో అన్నాల తర్వాత మొదటి పీరియడు ఏముండేదని మా ఆవిణ్ణి అడిగాను. "నిద్ర," అంది. ఆఖరికి సాంఘికం అని పెట్టుకున్నాను. తర్వాత సైన్సు, ఆ తర్వాత డ్రిల్లు. నల్లబల్ల గుమ్మానికి ఎదురు గోడకి బిగించేశాను. మూడు వరసలు బెంచీలు. కిటికీలు ఎన్నో, ఏ కిటికీలోంచి గాలి వస్తుందో కూడా అనుకున్నాను.

ఆదివారం ఆవిడ గింజలు పంచుకున్నారు. ఇన్నాళ్ళూ మా నోరు మూయించిన మనిషి నోటికి ఒక్క గింజ కూడా పెట్టుకోలేదు. చదువుకి ఒకటి. ధైర్యానికి రెండు. మిగతావన్నీ స్నేహానికి. నేను రుమాలుతో బల్ల తుడిచి, బెల్లు కొట్టేశారు అని చెప్పాను.

"రెండో బెల్లేనా?"

"రెండో బెల్లే."

ఆవిడ స్టూలు మీద సర్దుకుని కూర్చున్నారు. గుమ్మం దాటడం దగ్గర్నుంచి చెప్పాను. మెట్టు, సుద్ద పొడి, గోడకి వేలాడే భారతదేశం పటం. రెండో వరస బెంచీలో కాంతం గారి పక్కన చోటు. వెనకాల సూర్రావు గారు. సాంఘికం మాస్టారు వచ్చి ఆవిడ వైపు చూసి, గోదావరి ఎక్కడ పుట్టింది అని అడిగారు. అంకె ఐదు అన్నాను.

ఆవిడ గవ్వలు వేశారు. రెండు వెల్లకిలా పడ్డాయి. గింజతో కలిపితే మూడు.

"సరిగ్గా చెప్పింది," అన్నాను నేను. "మాస్టారు మెచ్చుకున్నారు."

ఆవిడ అరచెయ్యి చాపి కిందికి నొక్కారు.

"ఎన్ని పడ్డాయండి?"

"రెండు."

"కావలసింది?"

"ఐదు."

"మరి? మెచ్చుకోవడం నేను కువైట్లో చూసేనండి. తప్పు చెబితే లోపల ఏమవుద్దో అది చూడాలి నాకు."

 మొదలెట్టిన చోటికి వెనక్కి వెళ్ళాను. మాస్టారు గోదావరి ఎక్కడ పుట్టింది అని అడిగారు.

"మా ఊరి లాకుల దాకా తెలుసండి. ఆ పైన తెలీదు," అన్నారావిడ.

సూర్రావు గారు వెనకనుంచి, "లాకుల్లో పుట్టిందంటండీ గోదారి," అని ఎగతాళి చేశారు. కాంతం గారు నవ్వారు, నిజంగానే.

"నిలబడండి," అన్నాను.

"గళ్ళోడి గింజ తియ్యండి," అన్నారు కాంతం గారు. "మాస్టారు పిల్లల్ని నిలబడండి అంటారా ఎక్కడైనా?"

నా కంటే పదేళ్ళు పెద్ద ఆవిడ. నేను సూర్రావు గారి పద్ధతిలో మీసం మీద చెయ్యి పెట్టుకున్నాను. "నిలబడవే," అన్నాను.

ఆవిడ లేచి నిలబడ్డారు, కొట్లో, స్టూలు పక్కన. చేతులు కట్టుకున్నారు. నేను పాఠం చెబుతూ పోయాను. కాసేపటికి కూర్చో అన్నాను. కూర్చోలేదు.

"అంతేనా? పంపించెయ్యరా?"

"ఎక్కడికి?"

"ఇంటికి. తప్పు చేసేను కదా."

"ఎందుకు పంపిస్తారు? రేపు మళ్ళీ అడుగుతారు."

"రేపు కూడా చెప్పకపోతే?"

"ఎల్లుండి అడుగుతారు."

ఆవిడ ఈ మాటని గవ్వని తిప్పి చూసినట్టే తిప్పి చూశారు. తర్వాత కూర్చున్నారు. కాంతం గారు బల్ల కిందనుంచి ఆవిడ మోకాలు తట్టడం కనబడింది.

సైన్సు అయింది. డ్రిల్లు అయింది. లాంగు బెల్లు కొట్టారని చెప్పాను. ఆవిడ ఊపిరి వదిలి, "ఖలాసేనా?" అన్నారు. నా టైంటేబులులో ఇంకొక గడి మిగిలి ఉంది. అది పెట్టినప్పుడు ఇంకేమీ ఆలోచించలేదు, మా బళ్ళో ఉండేది కాబట్టి పెట్టాను.

"ఉండు. ఈవేళ మీ వరస వంతు. గది ఊడ్చి వెళ్ళాలి."

అనేశాక కాంతం గారు నన్ను ఒక చూపు చూశారు. చిన్నప్పట్నుంచి ఇళ్ళు ఊడ్చిన మనిషిని తీసుకొచ్చి కూర్చోబెట్టి, చివరికి చీపురు చేతికిచ్చాను. మాట వెనక్కి తీసుకుందామా అనుకుంటుంటే ఆవిడ ముందుకి వంగారు.

"పిల్లలే ఊడుస్తారా? మనిషుండదా?"

"అటెండరు ఆఫీసు గది వరకేనండి. క్లాసులు పిల్లలే. వరస ప్రకారం వంతు."

"మగపిల్లలు కూడానా?"

"నేను ఊడ్చేనండి," అన్నారు సూర్రావు గారు. "నీళ్ళు చల్లి ఊడవాలి. లేకపోతే మా మాస్టారు మళ్ళీ ఊడిపించేవారు."

 గిన్నెలు పట్టుకుని మధ్యాహ్నమే వెళ్ళిపోయే మనిషికి సాయంత్రం బళ్ళో ఏం జరిగేదో ఎలా తెలుస్తుంది?

"చినబాబు కూడా ఊడిచేవాడాండీ?"

నేను ఆ బడి చూడలేదు. ఆ అబ్బాయిని చూడలేదు. తెలియనిది తెలుసని చెప్పడం నావల్ల కాదు.

"ఆ బడి సంగతి నేను చెప్పలేనండి," అన్నాను. "ఈ బళ్ళో ఊడుస్తాడు. మూడో వరస వాడిది. రేపు వాళ్ళ వంతు."

"అయితే రేపు కూడా బడి పెట్టండి," అన్నారావిడ.

ప్రయాణానికి ముందు మిగిలిన రెండో ఆదివారం ఆవిడ మా అందరికంటే ముందొచ్చి తన స్టూలు మీద కూర్చున్నారు.   సాంఘికం మాస్టారు మళ్ళీ గోదావరి అడిగారు. మళ్ళీ తప్పింది. ఈసారి నిలబడమనగానే నిలబడి, కూర్చోమనగానే కూర్చుని, వెనక్కి తిరిగి సూర్రావు గారికి నాలిక చూపించారు.

లాంగు బెల్లు కొట్టాను. మొదటి వరస వెళ్ళిపోయింది. రెండో వరసలో మిగతావాళ్ళూ వెళ్ళిపోయారు. ఆవిడ వెళ్ళలేదు.

"నువ్వు వెళ్ళవా?" అన్నాను.

"నేను ఇక్కడే కూర్చుంటాను."

"సరే. చినబాబు మూలనున్న చీపురు తీసుకున్నాడు," అని మొదలుపెట్టాను. "నీళ్ళు చల్లాడు. నల్లబల్ల కింద సుద్ద ముక్కలు ఊడిచాడు. గుమ్మం వైపు నుంచి మొదటి బెంచీ కింద ఊడిచాడు. వంగి ఊడుస్తున్నాడు, చొక్కా పైకి లేచిపోతోంది. ఇప్పుడు నువ్వు కూర్చున్న రెండో బెంచీ దగ్గరికి వచ్చాడు."

ఆవిడ చెప్పులు కిందే వదిలేసి, రెండు కాళ్ళూ పైకెత్తి స్టూలు మీద పెట్టుకున్నారు. మోకాళ్ళ చుట్టూ చేతులు వేసుకున్నారు. చీపురు దగ్గరికొస్తే ఇంట్లో కూర్చున్నవాళ్ళు ఎత్తుతారు చూడండి, అలాగ. ఆవిడ చూపు తిన్నగా కిందికి, తన చెప్పులున్న చోటికి ఉంది. ముఖంలో నవ్వు లేదు, కోపం లేదు. ఒక పని సరిగ్గా జరుగుతోందా లేదా అని చూసే మనిషి ముఖం అది.

కాంతం గారు కదల్లేదు. కాళ్ళు దించమని నేనెప్పుడు చెబుతానా అని సూర్రావు గారు నా వంక చూస్తున్నారు.

ఒక బెంచీ కింద ఊడవడానికి ఎంతసేపు పడుతుందో నాకు తెలుసు. నా వంతుకి నేనూ ఊడిచినవాణ్ణే. చినబాబు సరిగ్గా ఊడవలేదని, మూలల్లో మట్టి ఉండిపోయిందని చెప్పి, ఆ బెంచీ కింద మళ్ళీ మొదట్నుంచి ఊడిపించాను.